దొరవారి కొత్త గొంతు

దొరవారు మేడ మీద మాట్లాడితే వెనక గుర్రపుశాలలో గుర్రాలు చెవులు రిక్కించేవి. ఇది ఊళ్ళోవాళ్ళు సరదాకి అల్లిన మాట కాదు, గుర్రాలను చూసుకునే ముసలాయన ఒట్టేసి మరీ చెప్పేవాడు. అలాంటి గొంతు అది. తాతల నుంచి భూములతో, బిరుదులతో పాటు దిగివచ్చిందని చుట్టాలంతా అనుకునేవారు. హాల్లో వరసగా వేలాడే పూర్వీకుల పటాలు చూస్తే నిజమే అనిపించేది. ఒక్కొక్కరూ దవడ బిగించి, గడ్డం పైకెత్తి, ఇప్పుడే ఎవరినో నాలుగు కేకలేసి వచ్చి కూర్చున్నట్టు ఉంటారు. ఏటా కౌలుదార్లందరినీ పెరట్లో సమావేశపరిచి దొరవారు మాట్లాడేవారు. ఎవరైనా మైకు పెట్టబోతే, "ఎందుకయ్యా అది?" అని పక్కకు తీయించేవారు. ఆఖరి వరసలో కూర్చున్న చెవిటాయన కూడా తల ఊపేవాడు.

అంతటి గొంతూ ఇంట్లో ఇద్దరి దగ్గర మాత్రం పారలేదు. ఆ ఇద్దరూ ఆయన కన్నబిడ్డలే.

కొడుకు పెద్దవాడు. మనుషులకన్నా కుక్కలంటే ప్రాణం. పెద్దయ్యాక లా చదవమని పంపితే, ఏడాది తిరక్కుండా పరీక్షలు వదిలేసి ఓ గజ్జికుక్కను వెంటబెట్టుకుని వచ్చాడు. తమ అంతస్తుకు తగిన కుటుంబం ఒకటి పిల్లనిద్దామని చూడ్డానికి వచ్చిన రోజున, పెళ్ళికొడుకు కావాల్సినవాడు పెరట్లో ముత్తవ్వగారి వెండి తొట్టిలో ఆ కుక్కకి స్నానం చేయిస్తూ దొరికాడు. మోచేతుల దాకా నురగ. వచ్చినవాళ్ళు మంచినీళ్ళు కూడా ముట్టకుండా వెళ్ళిపోయారు.

కూతురు అంతకు రెండాకులు ఎక్కువే చదివింది. నడక వచ్చిన రోజు నుంచీ ఆ పిల్ల కాళ్ళు నేలమీద నిలిచింది తక్కువ. పైకప్పు మీదో, గుర్రం మీదో, లేకపోతే డ్రైవరు మోటారు సైకిల్ మీదో కనిపించేది. తండ్రికి ఆ పిల్లంటే వల్లమాలిన ముద్దు. బిరుదులున్న పెద్దపేరు ఉన్నా "పాపా" అనే పిలిచేవారు. పిల్లలిద్దరూ ఇంకా బడికి వెళ్ళే రోజుల్లో ఆ విందు జరిగేదాకా.

ఆ విందుకి తమకన్నా పెద్దింటివాళ్ళు వచ్చారు. పండు ముసలి ప్రభువు, ఆయన భార్య. పొడుగాటి బల్ల, వెండి పళ్ళేలు, మాటలన్నీ ఆచితూచి. అంతకుముందే అన్నాచెల్లెళ్ళు వంటింట్లో సోడాలు తాగి పందెం వేసుకున్నారు. త్రేన్పుతో ఎవరు ఎక్కువ మాటలు పలుకుతారో చూద్దామని. అన్న కన్ను గీటాడు. తొమ్మిదేళ్ళ ఆ పిల్ల కుర్చీలో నిటారుగా కూర్చుని, గుక్కెడు గాలి లోపలికి తీసుకుని, తమ వంశం పేరు బిరుదులతో సహా మొదటి నుంచి చివరి దాకా ఒకే ఒక్క త్రేన్పులో అప్పజెప్పేసింది.

ముసలి ప్రభువుకి చెవి మందం. "భేష్, బాగా చెప్పావమ్మా," అని మెచ్చుకున్నారు. ఆయన భార్యకు మాత్రం చెవులు శుభ్రంగా పనిచేస్తున్నాయి.

దొరవారికి తల కొట్టేసినట్టయింది. ఆ వేళ ఆయన అరిచిన అరుపుకి షాండ్లియర్ గాజుపూసలు గలగలలాడాయంటారు. వారం తిరిగేసరికి పిల్లలిద్దరూ చెరో ఊళ్ళో హాస్టల్లో ఉన్నారు. ఆ తర్వాత ఆయన కూతుర్ని "పాపా" అని పిలవలేదు. పిలవాల్సి వస్తే బిరుదులతో ఉన్న ఆ నిండుపేరే పిలిచేవారు.

హాస్టళ్ళు పిల్లల్ని ఏమీ మార్చలేదు. లా చదువు వదిలి వచ్చిన కొడుకు ఊరి అవతలి కొసన చిన్న దుకాణం తీసుకుని కుక్కలకు స్నానాలు చేయించి, బొచ్చు కత్తిరించే పని పెట్టుకున్నాడు. దొరవారి అక్కగారు, పెళ్ళి చేసుకోకుండా ఆ భవంతిలోనే పరువుకు కాపలా కాస్తూ ఉండిపోయిన మనిషి, ఆ కబురు విని మంచం ఎక్కేసింది. "వంశాన్ని ఉద్ధరిస్తాడనుకుంటే కుక్కలకు క్షౌరం చేస్తున్నాడట!" అని కనిపించిన ప్రతివాళ్ళ దగ్గరా వాపోయింది. ఇంటి గడప తొక్కొద్దని దొరవారు కొడుక్కి కబురు పంపారు.

ఇక కూతురు. ఊరి బయట మైదానంలో ఓ ప్రదర్శన దిగింది. చెక్కలతో కట్టిన పెద్ద బావి, దాని గోడల మీద మోటారు సైకిళ్ళు గిర్రున తిరుగుతూ పైఅంచు దాకా వస్తాయి. జనం పైన నిలబడి కిందికి చూస్తారు. ఆ పిల్ల చూడ్డానికని వెళ్ళింది. ఆ గుంపు మైదానం ఖాళీ చేసే నాటికి తనూ బయలుదేరింది. గేటు దగ్గర దొరవారు అడ్డంగా నిలబడ్డారు.

"ఈ గేటు దాటావంటే నీ గొంతు మళ్ళీ ఈ ఇంట్లో వినిపించకూడదు!"

"సరే నాన్నా," అంది కూతురు మర్యాదగా. బండి స్టార్ట్ చేసింది. ఎదురుచెప్పి ఉంటే ఆయనకు అంత మంట పుట్టేది కాదు.

ఏళ్ళు గడిచాయి. ఓ చలికాలంలో దొరవారి గొంతు బొంగురుపోయింది. జలుబే అనుకున్నారు. చలికాలం పోయింది గానీ బొంగురు పోలేదు. పరీక్షలు చేసి డాక్టరు దొరసానిని కూడా లోపలికి పిలిచారు. స్వరపేటికలో కంతి. కరెంటు పెట్టి చూశారు, లొంగలేదు. మొత్తం తీసేయాలి.

"గొంతా, ప్రాణమా అన్నట్టు ఉందండీ," అన్నారు డాక్టరు మెల్లిగా.

దొరవారు జవాబివ్వడానికి ఆలోచిస్తున్నారు. దొరసాని ఆయన వైపు చూడకుండానే, "ప్రాణం," అంది.

ఆపరేషనయి కళ్ళు తెరిచాక ఆయన నోరు కదిలింది, చప్పుడు రాలేదు. మెడ కింది భాగంలో చిన్న రంధ్రం. ఊపిరి ఇక అక్కణ్ణుంచే. దాని మీద పల్చటి గుడ్డ కట్టారు. కొడుకు ఆస్పత్రి వరండాలో రోజూ వచ్చి కూర్చునేవాడని, నిన్ను చూస్తే మీ నాన్న ఇంకా బెంగపడతాడంటూ మేనత్త లోపలికి రానివ్వలేదని దొరసాని తర్వాతెప్పుడో చెప్పింది. ఆయన విని కళ్ళు మూసుకున్నారు.

ఇంటికొచ్చాక భవంతి బావురుమంది. పలక, సుద్దముక్క, పిలవడానికి ఒక గంట ఇచ్చారు. ఆయన రాయడం మొదలుపెట్టగానే అక్కగారు భుజం మీంచి తొంగిచూసి మిగతాది తనే పూర్తిచేసేది. ఆయన 'కిటికీ' అని రాసేసరికి, "చలిగా ఉందిట, కిటికీ వేసేయండి," అని హుకుం ఇచ్చేది. ఆయనకు కావాల్సింది కిటికీ తెరవడం. మళ్ళీ తుడిచి మళ్ళీ రాసే ఓపిక లేక ఉక్కపోతలో కూర్చునేవారు. ఆస్పత్రివాళ్ళు మెడకి ఆనించుకుంటే మాట వినిపించే చిన్న యంత్రం ఒకటి ఇచ్చారు. డబ్బాలో ఇరుక్కున్న తుమ్మెద మాట్లాడినట్టుందని ఆయన దాన్ని సొరుగులో పడేశారు. కంతికి పెట్టిన కరెంటుతో కండరం దెబ్బతింది కాబట్టి, గొంతులో మాట కోసం అమర్చే కవాటం కుదరదని డాక్టర్లు ముందే చెప్పేశారు.

ఆ ఏడు కౌలుదార్ల సమావేశం పినతండ్రి కొడుకు నడిపాడు. దొరవారు మేడమీద అద్దాల వెనక నిలబడి చూశారు. ఆ తమ్ముడు ఏదో చెప్పాడు, జనం ఘొల్లున నవ్వారు. తను మాట్లాడిన ఇన్నేళ్ళలో వాళ్ళు ఒక్కసారైనా నవ్వారా అని ఆయన చాలాసేపు గుర్తు చేసుకోబోయారు. గుర్తు రాలేదు.

అలాంటి రోజుల్లో ఆస్పత్రి నుంచి మాట నేర్పే టీచరమ్మ వచ్చింది. పొట్టి మనిషి, తనకన్నా పెద్ద సంచీ, మొహమాటం లేని మాట. ఎదురుగా కుర్చీ లాక్కుని కూర్చుంది. అక్కగారికి ఆ లాక్కోవడమే నచ్చలేదు.

"పేటిక పోయింది, సరే. తిండి దిగే గొట్టం ఉంది కదండీ. నోట్లోకి గాలి తీసుకుని, ఆ గొట్టం పైదాకా నొక్కి, వెంటనే వెనక్కి రప్పించాలి. అప్పుడొచ్చే చప్పుడునే నాలుకతో, పెదాలతో మాటగా మార్చుకోవాలి."

దొరవారు పలక మీద రాశారు. 'అంటే?'

"అంటే..." టీచరమ్మ అక్కగారి వైపు ఓసారి చూసింది. "త్రేన్చడం అండీ."

"ఏమిటీ?" అంది అక్కగారు.

"త్రేన్పు. దాంతోనే మాట్లాడాలి. నేర్చుకున్నవాళ్ళు కబుర్లు చెబుతారు, ఫోన్లో పోట్లాడతారు కూడా."

గదిలో ఓ చిన్న చప్పుడు. దొరసాని చేతిరుమాలు నోటికి అడ్డం పెట్టుకుంది. భుజాలు ఎగిరెగిరి పడుతున్నాయి. నవ్వు. కళ్ళు చూస్తే నీళ్ళు కూడా ఉన్నాయి.

దొరవారు నిదానంగా రాశారు. 'మీరు వెళ్ళవచ్చు.'

టీచరమ్మని గేటు దాకా సాగనంపడానికి దొరసానే వెళ్ళింది. "ఇది అందరికీ వస్తుందా అమ్మా?" అని అడిగింది.

"కష్టమే. చిన్నప్పుడు సరదాకి చేసినవాళ్ళకి తొందరగా పట్టుబడుతుంది. ఇంత మర్యాదగా బతికిన మనిషికి..." టీచరమ్మ మేడ వైపు చూసి నిట్టూర్చింది. "ఆయన జన్మలో గట్టిగా త్రేన్చి ఉండరు."

"మా ఇంట్లో ఒకరికి బాగా వచ్చు," అంది దొరసాని. లోపలికెళ్ళి ఎవరినీ అడక్కుండా ఫోన్ తీసింది.

మూడో రోజు ఎండపొద్దు వేళ గేటు దగ్గర మోటారు సైకిల్ చప్పుడు వినిపించింది. మెట్ల మీద బూట్ల అడుగులు. తలుపులో కూతురు నిలబడింది. తోలు కోటు, గోళ్ళ సందుల్లో ఇంజనాయిలు, గడ్డం కింద ఆయన ఎరగని ఒక గాటు. లోపలికి రాలేదు.

"అమ్మ రమ్మంది. వద్దంటే ఇలాగే వెనక్కి పోతాను. పలక మీద రాయక్కర్లేదు, చెయ్యి ఊపండి చాలు."

గేటు దగ్గర తను అన్న మాట ఆయన చెవుల్లో మోగింది. మోగింది తన పాత గొంతే. చెయ్యి ఒళ్ళోనే ఉండిపోయింది. అలా ఆయన చెయ్యి ఎత్తకపోవడాన్నే కూతురు రమ్మనడంగా తీసుకుని లోపలికొచ్చి ఎదురుగా కూర్చుంది. కోటు జేబులోంచి సోడా సీసా తీసి గడగడా తాగింది.

"దీనికే కదా నాన్నా నన్ను హాస్టల్లో పడేశారు," అంది. తర్వాత నోరు మూసి, గడ్డం కాస్త దించి, లోతుగా, గరగరమంటూ, ప్రతి అక్షరం స్పష్టంగా త్రేన్పుతోనే అడిగింది. "అవునా, కాదా?"

దొరవారి ఒళ్ళంతా కుదిపేసినట్టయింది. భుజాలు ఊగిపోయాయి, మెడ మీద గుడ్డ రెపరెపలాడింది, మొహం ఎర్రబడింది. నోట చప్పుడు లేదు. కూతురు హడలిపోయి లేచింది. "అమ్మా! త్వరగా రా! ఊపిరాడట్లేదు!"

దొరసాని పరిగెత్తుకొచ్చి చూసి, అక్కడే గోడకి ఆనుకుంది. "నవ్వుతున్నారే," అంది.

ఆ రోజు నుంచి పాఠాలు. టీచరమ్మని మళ్ళీ పిలిపించారు. ఆవిడ చెప్పేది, కూతురు చేసి చూపించేది. "మింగొద్దు నాన్నా. మింగితే గాలి కడుపులోకి పోయి పొట్ట గుమ్మడికాయవుతుంది. గాలిని చుట్టంలా చూడండి. గుమ్మం దాకా రానివ్వండి, కూర్చోమనకండి. అక్కణ్ణుంచే పంపించేయండి."

"నేను క్లాసులో గంటసేపు చెప్పేది ఇదే," అంది టీచరమ్మ, ముచ్చటగా. "ఇలా చెప్పొచ్చని తోచలేదు. ఈ చుట్టం మాట నేను కూడా వాడుకుంటానమ్మా."

మాటలు ఏవి ముందు పలకాలో ఆవిడ చెప్పింది. ప, ట, క. ఆ అక్షరాలకి పెదాలో, నాలుకో గట్టిగా మూసుకుని గాలిని వాటంతట అవే వెనక్కి నెడతాయట. కాకి, టోపీ, పాట, పీట అని దొరవారి ముందు పసిపిల్లల వాచకం తెరిచినట్టయింది. ఆయన నోరు తెరిస్తే గాలి రాదు, వస్తే అడిగినప్పుడు రాదు. భోజనం మధ్యలో చెప్పాపెట్టకుండా వచ్చేసరికి ఆయన మొహం కందగడ్డయ్యేది. అక్కగారు తన కంచం తన గదికే తెప్పించుకోవడం మొదలెట్టింది.

ఓ పొద్దున ఆయనకి విసుగు నషాళానికంటింది. పలక ఎత్తి నేలకేసి కొట్టారు. ముక్కలయింది.

"మంచిపని చేశారు," అంది కూతురు, ముక్కలు ఏరుతూ. "ఇక రాయడానికి లేదుగా." తల ఎత్తకుండానే చెప్పింది. "నేను మొదట్లో ఆ గోడ పైదాకా ఎక్కేదాన్ని కాదు నాన్నా. సగం దాకా పోయి భయపడి నెమ్మదించేదాన్ని. నెమ్మదిస్తే పడిపోతాం. ఈ గాటు అప్పటిదే. గాలి కూడా అంతే. మీరు మాట మొదలుపెట్టి, మధ్యలో అత్తయ్య వింటుందేమో అని సిగ్గుపడుతున్నారు. అక్కడ పడిపోతున్నారు."

ఆయన గాటు వైపు చూశారు. అది తగిలిన రోజు ఈ పిల్ల పక్కన ఎవరున్నారు, ఎవరు కట్టు కట్టారు అని అడగాలనిపించింది. అడగడానికి పలక కూడా లేదు.

ఆ మర్నాడు కూతురు కాఫీ కోసం కిందికి వెళ్ళింది. గదిలో ఆయన ఒక్కరే. కిటికీ తెరిచి ఉంది, కింద గుర్రాలకి ముసలాయన నీళ్ళు పెడుతున్నాడు. దొరవారు పెదాలు బిగించారు. గాలి గుమ్మం దాకా వచ్చిందని తెలిసింది. సిగ్గుపడ్డానికి చుట్టుపక్కల ఎవరూ లేరు. వదిలేశారు.

"పా... ప."

బొంగురుగా, తడిగా, బురదలోంచి చెప్పు లాగినట్టు వచ్చింది. కానీ మాటే. ఇంకోసారి. "పాప."

వరండాలో అడుగులు ఆగిపోయాయి. ఆ పిలుపు ఆ ఇంట్లో వినిపించి ఎన్నేళ్ళయిందో ఇద్దరికీ తెలుసు. కప్పులు రెండు చేతుల్లో పట్టుకుని కూతురు గుమ్మంలోకి వచ్చింది. రోజూ పిలుస్తూనే ఉన్నట్టు మామూలుగా, "ఏంటి నాన్నా?" అంది.

పిలిచాక ఏం చెప్పాలో ఆయన ఆలోచించుకోలేదు. చెప్పాల్సినవి కొండంత ఉన్నాయి. ఆయన దగ్గరున్నవి ప, ట, క. మళ్ళీ "పాప," అన్నారు. ఆమె కప్పులు బల్ల మీద పెట్టి, కిటికీ వైపు తిరిగి, ముక్కు చీదుకుంది. "కాఫీ చల్లారిపోతుంది, తాగండి," అంది అటు తిరిగే.

ఆ తర్వాత దారి తెలిసిపోయింది. ఒక గాలికి నాలుగైదు అక్షరాలు వచ్చేవి. అంతకు మించి రావు. వెనకటిలా పావుగంట ఉపన్యాసం ఇచ్చే వీలు లేదు కాబట్టి ఏ మాట ఖర్చు పెట్టాలా అని ముందే ఎంచుకోవాల్సి వచ్చేది. చిత్రమేమిటంటే ఎంచుకున్న మాటలు చాలా చిన్నవి. రా. కూర్చో. తిన్నావా? ఓ సాయంత్రం గుర్రపుశాలలోకి వెళ్ళి ముసలాయన్ని, "మోకాలు... ఎలా ఉంది?" అని అడిగారు. ఆయన్ని దొరవారు ఏళ్ళ తరబడి పనులు చెప్పడానికే పిలిచారు, మోకాలి సంగతి అడగలేదు. ముసలాయన గుర్రం మెడ నిమురుతూ నిలబడిపోయాడు.

ప్రదర్శన వాళ్ళు రమ్మని కబురెట్టారు. కూతురు సంచీ సర్దుకుంటూ, "ఇక మీకు నాతో పని లేదు. అన్నయ్యకి ఫోన్ చెయ్యండి. వాడికి నేనేమీ చెప్పలేదు," అంది.

ఆమె వెళ్ళేముందు ఆయన ఒక మాట చెప్పాలనుకున్నారు. కృతజ్ఞతలు. ఆ మాట ఎన్ని సభల్లో ఎంత అలవోకగా దొర్లించారో! ఇప్పుడు మొదటి అక్షరం దగ్గరే గాలి తుస్సుమంది. మళ్ళీ ప్రయత్నించారు, మధ్యలో చచ్చిపోయింది. మూడోసారికి చెమట పట్టింది.

"అంత బరువు మాట ఎందుకు నాన్నా ఎత్తుకుంటారు?" అని కూతురు నవ్వి, వంగి ఆయన పాదాల దగ్గర జారిన దుప్పటి సరిచేసింది. ఆయన ఆమె తలమీద చెయ్యి వేశారు. ఇంజనాయిలు జిడ్డు చేతికి తగిలింది. చెయ్యి తీయబుద్ధి కాలేదు.

మర్నాడు దొరసాని నంబరు కలిపి, ఫోను ఆయన చేతికిచ్చి, పని ఉన్నట్టు బయటికి వెళ్ళిపోయింది. అవతల కుక్కల మొరుగుడు, నీళ్ళ చప్పుడు.

"హలో, చెప్పండి!"

"బా... బు."

కొడుకు పకపకా నవ్వాడు. "ఒసేయ్ రాక్షసీ! ఇంకా మానలేదా ఈ త్రేన్పులు? ఇన్నాళ్ళకి గుర్తొచ్చానా? తర్వాత చెయ్యవే, ఇక్కడొకడు ఒంటినిండా సబ్బుతో పారిపోతున్నాడు!"

దొరవారు ఫోను గట్టిగా పట్టుకున్నారు. ఎక్కడ పెట్టేస్తాడో అని కంగారులో గాలి దొరకలేదు. గుమ్మం దాకా, గుమ్మం దాకా అనుకున్నారు.

"నేను... నాన్న."

నవ్వు తెగిపోయింది. నీళ్ళ చప్పుడు మాత్రం సాగుతోంది. ఎవరో కుళాయి కట్టేశారు. "నాన్నా?" అన్నాడు కొడుకు, చిన్నపిల్లాడి గొంతుతో. "మీరా? మీరేనా?"

ఆయన చాలా మాటలు సిద్ధం చేసుకుని కూర్చున్నారు. నోటికొచ్చింది వేరేది. "కుక్క... తడిసి... ఉందా?"

"ఆ... ఉంది నాన్నా. వణుకుతోంది."

"ముందు... తుడువు." గాలి తీసుకున్నారు. "తర్వాత... ఇంటికి... రా."

కొడుకు ఆ మధ్యాహ్నమే వచ్చాడు. చొక్కా మార్చుకున్నా తడి కుక్క వాసన పోలేదు. గడప దగ్గర ఆగితే దొరవారు లేచి వెళ్ళి రెక్క పట్టుకుని లోపలికి తెచ్చారు. వరండాలో కూర్చున్నావట కదా అనబోయి అనలేకపోయారు. ఆ రెక్కని వదలకుండా భోజనాల బల్ల దాకా నడిచారు.

అక్కగారు ఆ పూట కిందికి దిగింది, చెప్పాల్సింది చెప్పి తీరాలని. తమ్ముడి గరగర కాసేపు భరించి, చెంచా కింద పెట్టింది.

"తమ్ముడూ, నా మాట విను. మన పెద్దలంతా ఆ గోడల మీంచి చూస్తున్నారు. ఇలాంటి చప్పుడు చేసేకన్నా మాట్లాడకుండా ఉండడం గౌరవం కాదూ?"

"అక్కా," అన్నారు దొరవారు. గాలి. "గౌరవంగా... చాన్నాళ్ళు... ఉన్నాను." ఇంకో గాలి. "విసుగేసింది."

కొడుకు నీళ్ళు తాగుతున్నవాడు పొలమారి దగ్గాడు. దొరసాని అతని వీపు తడుతూ తనూ నవ్వు ఆపుకోలేకపోయింది. అక్కగారు చివాలున లేచి మెట్లెక్కేసింది. ఆవిడ మనసేమీ మారలేదు. కానీ ఆ సాయంత్రం పైనుంచి, "ఎవరక్కడ, తమ్ముడి గది కిటికీ వేయండి!" అని అరిస్తే, "వేయొద్దు!" అని గరగరమంటూ జవాబొచ్చింది. ఆవిడ ఇక ఆ కిటికీ జోలికి పోలేదు.

టీచరమ్మ ఆఖరిసారి వచ్చినప్పుడు దొరవారు లేచి నిలబడి, ఆవిడ కోసం కుర్చీ తనే లాగారు. "మిమ్మల్ని... పొమ్మన్నాను," అన్నారు. "తిరిగి... వచ్చారు." ఆవిడ సంచీ సర్దుకుంటూ, "నన్ను పొమ్మన్నవాళ్ళే ఎక్కువండీ," అంది నవ్వుతూ. గొంతు పోయినవాళ్ళు ఆస్పత్రిలో ఇంకా ఉన్నారని, ఒకాయన నెల నుంచీ గోడ వైపు తిరిగి పడుకున్నాడని, వీలుంటే ఓసారి వచ్చి ఆయనతో మాట్లాడమని అడిగింది. దొరవారు ఆ వారమే వెళ్ళారు. తర్వాత కూడా వెళ్తూనే ఉన్నారు. కొత్తగా నేర్చుకునేవాళ్ళకి చుట్టం, గుమ్మం సంగతి ఆయనే చెప్పేవారు. మా అమ్మాయి చెప్పింది అని చేర్చడం మరిచేవారు కాదు.

ఎండలు తగ్గాక ప్రదర్శన పక్క ఊరికి వచ్చింది. దొరవారు, దొరసాని, కొడుకు కారులో బయలుదేరారు. మైదానంలో దుమ్ము ఎక్కువని దొరసాని ఆయన మెడకి రెండు పొరల గుడ్డ కట్టింది. చెక్కబావి చుట్టూ మెట్లెక్కి పైఅంచున జనంలో నిలబడ్డారు. కింద ఇంజను గుర్రుమంది. కూతురు అడుగున రెండు చుట్లు తిరిగి గోడ ఎక్కింది. చెక్కలన్నీ దడదడలాడాయి. చూస్తుండగానే పైఅంచు దగ్గరికి, ఆయన చెయ్యి చాస్తే అందేంత దగ్గరికి వచ్చింది. హాండిలు వదిలేసి రెండు చేతులూ చాపింది. గాలి ఆయన మొహాన కొట్టింది. దొరవారు కడ్డీ గట్టిగా పట్టుకున్నారు. పక్కన ఎవరో ఈల వేశారు. ఇంకెవరో, "ఎవరి పిల్లయ్యా ఇది!" అని అరిచారు. ఆయన ఛాతీ ఉప్పొంగింది.

ఆట అయ్యాక కిందికి దిగారు. కూతురు హెల్మెట్ తీస్తూ ఎదురొచ్చింది. ప్రదర్శన యజమాని, గళ్ళ చొక్కా లావుపాటి మనిషి, ఆమె వెనకే వచ్చాడు. దొరవారిని పైనుంచి కిందిదాకా చూసి, "వీరెవరు?" అన్నాడు.

"నేను... ఈ అమ్మాయి... నాన్నని," అన్నారు దొరవారు.

ఆ గోలలో సరిగా వినపడక యజమాని తన చెవి దగ్గరికి తెచ్చాడు. "గొంతు బాగోలేదా అండీ? జలుబు చేసిందా?"

"లేదు." దొరవారు గాలి తీసుకున్నారు, తొందరపడలేదు. "ఇదే... నా గొంతు." ఇంకో గాలి. "మా పిల్లలు... ఇచ్చారు."

యజమానికి అది అర్థమైందో లేదో గానీ తల ఊపాడు. "మీ అమ్మాయికి కట్టు కట్టింది నేనేనండీ, గోడ మీంచి పడి గడ్డం పగిలినప్పుడు. ఏడవలేదు, మహా మొండి."

దొరవారు ఆయన చెయ్యి రెండు చేతుల్లోకి తీసుకున్నారు. ఎంతసేపటికీ వదల్లేదు. ఆ లావుపాటాయన ఏం చెయ్యాలో తోచక, "సాయంత్రం ఇంకో ఆట ఉందండీ, ఉంటారా?" అన్నాడు.

దొరసాని కమ్ముతున్న మబ్బు వైపు, ఆయన మెడకి కట్టిన గుడ్డ వైపు చూసింది. "అలిసిపోయారు, ఇంటికి పోదాం," అంది.

"ఉంటాం," అన్నారు దొరవారు.

కూతురు బండి తుడుచుకోవడానికి వెళ్ళింది. కొడుకు వేడి వేడి టీ తెచ్చి తల్లికి, తండ్రికి ఇచ్చాడు. ఎక్కణ్ణుంచో వచ్చిన ఓ వీధికుక్క అతని కాళ్ళ చుట్టూ అప్పటికే తిరుగుతోంది. టికెట్ల వాడు గంట కొట్టాడు. జనం మళ్ళీ మెట్ల వైపు కదిలారు. దొరవారు కొడుకు భుజం మీద చెయ్యి వేసి, ఆగి ఊపిరి తీసుకుంటూ, ఒక్కో మెట్టూ ఎక్కసాగారు.